సూరక్కర పిట్టల లెక్క

కొచ్చి,
4 జనవరి 1986

మామకు హాజర సలాం చెప్పి రాస్తున్నది.

నేను బాగానే ఉన్నాను. అమ్మ పంపిన ఎండు సూరచేప ముక్కలు అందాయి. నేను అద్దెకున్న ఇంటావిడ త్రేసియమ్మకి ఆ పొగవాసన పడక డబ్బాను పిట్టగోడ మీద పెట్టించింది. సగం నాకు, సగం పిల్లికి దక్కాయి.

మీకు ఒక పని అప్పజెప్పడానికి రాస్తున్నాను. ఈ సముద్రజీవుల ఆఫీసులో చేరి ఆరు నెలలైనా ఇంతవరకు నేను చేసింది పాత కాగితాలకు దారం కట్టడమే. పోయిన వారం మా పెద్దసారు పిలిచి, మీ ఊరి దగ్గర మనుషులుండని దీవి ఒకటి ఉందట కదా, అక్కడ పిట్టలెన్ని ఉంటాయని అడిగారు. చాలా ఉంటాయండీ అన్నాను. “చాలా అనేది అంకె కాదమ్మాయ్” అన్నారు. గదిలో ఉన్నవాళ్లు నవ్వారు.

మీరు ఏటా జనవరి నుంచి మే దాకా చేపల పడవవాళ్లతో సూరక్కరలోనే ఉంటారు. ముప్పై ఏళ్లుగా ఆ దీవిని చూస్తున్నవాళ్లు మీరు తప్ప ఇంకెవరూ లేరు. అక్కడ ఏం మొలుస్తుందో, ఏం తిరుగుతుందో, ఏ పిట్ట ఎప్పుడు దిగుతుందో, ఎన్ని గుడ్లు పెడుతుందో నెలకోసారి రాసి పంపండి. ఓడలో ఒక చెక్కపెట్టె వేయిస్తున్నాను. అందులో దుర్భిణి, కొలతాడు, నోటుపుస్తకాలు, పెన్సిళ్లు, వాన కొలిచే గాజు గొట్టం ఉన్నాయి. గాజు పగలకుండా మా సామాన్ల గదిలోని వరిగడ్డి నిండా కూరించాను.

నోటుపుస్తకంలో గళ్లు గీసి ఉన్నాయి. వాటిలో అంకెలే రాయండి మామా. “దండిగా” అనీ, “నిరుటికంటే నయం” అనీ రాయకండి.

మీ మేనకోడలు
హాజర


సూరక్కర,
2 ఫిబ్రవరి 1986

హాజరకు,

పెట్టె అందింది. గాజు గొట్టం పగల్లేదు. ఒక నోటుపుస్తకం మూల మాత్రం కొరికేసినట్టు ఉంది. రాయడానికి అడ్డం లేదు గనుక ముందు దాన్నే వాడుతున్నాను. గడ్డి పాక వెనక పారేశాను.

అంకెలు అడిగావు, అంకెలే రాస్తున్నాను. తీరం వెంట దీవి చుట్టూ నా అడుగులు రెండువేల నూట నలభై. అడ్డంగా, మొగలిపొదల్ని తప్పించుకుంటూ, మూడువందల పది. ఎత్తైన చోటు ఉత్తరాన ఉంది, నా తలకంటే కాస్త ఎక్కువ. అక్కడ నిలబడితే రెండు పక్కలా సముద్రం కనిపిస్తుంది. కొబ్బరిచెట్లు ఏడువందల చిల్లర. చిల్లర ఎంత అని అడుగుతావు, యాభై మూడు. అందులో పన్నెండు తల లేనివి. బావి ఒకటి. పోటులో నీళ్లు ఉప్పన, పాటులో తాగొచ్చు.

దక్షిణాన ఇసుక తోక ఒకటి ఉంది కదా, దాన్ని గళ్లలో ఎలా రాయాలో తెలియలేదు. అది ఒక చోట ఉండదు. వానాకాలంలో తూర్పుకు తిరుగుతుంది, గాలి మారాక మళ్లీ పడమటికి వస్తుంది. ఇవాళ్టికి నూట ఎనభై అడుగులు.

తెల్ల కొంగలు ఆరు, బూడిదరంగుది ఒకటి. పగడపు రాళ్ల మీద పరిగెత్తే ఉల్లంకులు నలభై నాలుగు, ఇవి ఏప్రిల్లో వెళ్లిపోతాయి. శంఖులు మోసుకు తిరిగే పీతలు లెక్కకు అందవు, అన్నం గిన్నె కింద పెడితే వంద. నాలుగు కాళ్లవి బల్లులూ తాబేళ్లూ తప్ప ఇక్కడ ఇంకేం లేవు. తాబేలుది కాలో తెడ్డో నువ్వే తేల్చుకో.

నల్లవీపు పిట్టలు ఇంకా దిగలేదు. పైన తిరుగుతున్నాయి. అవి దిగాక ఎప్పట్లాగే తొలివిడత గుడ్లు ఏరుకుంటాం, మలివిడత ముట్టుకోం. ఆ సంగతి నీకూ తెలుసు. చిన్నప్పుడు ఆ గుడ్ల కూర కోసం జెట్టీ మీద కాచుకు కూర్చునేదానివి.

ఆట్టకోయ


కొచ్చి,
24 ఫిబ్రవరి 1986

మామకు సలాం.

మీ ఉత్తరం పెద్దసారుకి చదివి వినిపించాను. తాబేలుది కాలో తెడ్డో అన్నచోట ఆపి మళ్లీ చదవమన్నారు. అంకెలు బాగున్నాయన్నారు. అప్పుడు నవ్వినవాళ్లు ఈసారి ఏమీ అనలేదు.

ఒక్క మాట. ఈ ఏడాది గుడ్లు తీయకండి. తొలివిడతా వద్దు, మలివిడతా వద్దు. ఆ పిట్ట ఒక్కటే గుడ్డు పెడుతుంది. అది మీ కూరలోకి పోతే నా లెక్కలోకి రాదు. పిట్టలు దిగిన చోట కొలతాడుతో పది చదరాలు గుర్తుపెట్టండి, ఒక్కో చదరం పది అడుగులు. వారానికోసారి ఆ పదింట్లోనూ గుడ్లు లెక్కపెట్టి రాయండి. పడవవాళ్లకి మీరే చెప్పాలి. నేను చెబితే వినరు.

ఎందుకని అడిగితే శాస్త్రం కోసమని చెప్పండి.

త్రేసియమ్మ పిల్లి నా ఆఫీసు కాగితాల మీద ఈనింది. నాలుగు పిల్లలు. కాగితాలు తిరిగి రాస్తున్నాను.

హాజర


సూరక్కర,
22 మార్చి 1986

హాజరకు,

నల్లవీపు పిట్టలు ఫిబ్రవరి ఇరవై ఏడున దిగాయి. పొద్దున లేచేసరికి తూర్పు ఒడ్డు ఇసుక కనిపించలేదు. ఇద్దరు పక్కపక్కన నిలబడి మాట్లాడుకున్నా ఒకరిది ఒకరికి వినపడదు. ఎన్ని అని నువ్వు అడిగితే నా దగ్గర అంకె లేదు. చదరాల లెక్క ఇస్తున్నాను.

మార్చి 5న పది చదరాల్లో గుడ్లు 212.
మార్చి 12న 147.
మార్చి 19న 61.

పొదిగే రోజులు ఇంకా నిండలేదు గనుక పిల్లలైపోయాయి అనుకోడానికి లేదు. పెంకులు అక్కడక్కడా ఉన్నాయి. తరుగు ఎక్కడో నాకు తెలియలేదు. ఇలాంటిది ఇదివరకు చూడలేదు.

ఇక పడవవాళ్ల మాట. గుడ్లు తీయొద్దని నేను చెప్పినప్పుడు ఇంజన్ నడిపే కాస్మికోయ, తాతల నాటి నుంచి లేని అభ్యంతరం మీ మేనకోడలికి ఎందుకొచ్చిందని అడిగాడు. ఒక్క ఏడాది ఆగమన్నాను. ఆగారు. వాళ్లకి ఆ పిట్టల మీద నీకున్నంత పట్టింపే ఉంది. నడిసముద్రంలో అవి ఎక్కడ గుమిగూడి నీళ్లలోకి దూకితే అక్కడ సూరచేప ఉంటుంది. పిట్ట లేకపోతే పడవ గుడ్డిది.

నిన్న కాస్మికోయ ఊరికెళ్లి వచ్చి ఇంకో మాట చెప్పాడు. ఈ లెక్కంతా దీవిని మూసేసి మమ్మల్ని పంపెయ్యడానికేనట. నాకు తెలియదు అన్నాను. నాకు తెలియని మాట నిజం. నువ్వు రాసి ఉంటే తెలిసేది.

ఇసుక తోక నూట యాభై అడుగులకు తగ్గింది.

ఆట్టకోయ


కొచ్చి,
9 ఏప్రిల్ 1986

మామకు సలాం.

కాస్మికోయ విన్నది నిజమే. గుడ్లు పెట్టే నెలల్లో సూరక్కర మీద ఎవరూ కాలు పెట్టకూడదని ఒక ప్రతిపాదన ఉంది. నేను ఉద్యోగంలో చేరక ముందునుంచీ ఉంది. చెబితే మీరు లెక్కలు పంపరని భయపడి రాయలేదు. అది నా తప్పు.

కానీ మామా, 212 అరవై ఒకటి ఎలా అవుతాయి? పెద్దసారు ఆ మూడు అంకెలూ చూసి, “మీవాళ్లు కూర వండుకున్నారమ్మాయ్” అన్నారు. కాదనడానికి నా దగ్గర ఏముంది? దీవి మీద ఉన్నది మీరు తొమ్మిది మంది. నివేదిక పంపాల్సిన గడువు వచ్చేసింది. గుడ్లు తగ్గడానికి కారణం దగ్గర “మనుషులు ఏరడం వల్ల” అని నేనే రాశాను.

మీరు తీశారని అనడం లేదు. మీ కన్నుగప్పి తీసి ఉంటారు. ఎవరో పేర్లు రాసి పంపండి, కాస్మికోయ అయినా సరే. మీ మీదికి మాట రాకుండా నేను చూసుకుంటాను.

హాజర


సూరక్కర,
21 ఏప్రిల్ 1986

హాజరకు,

ఈ ఏడాది సూరక్కరలో ఎవరూ ఒక్క గుడ్డు కూడా తీయలేదు. నువ్వు వద్దన్నావని నేను చెప్పాను. నేను చెప్పానని వాళ్లు మానుకున్నారు. పేర్లు అడిగావు. తొమ్మిది పేర్లూ నీకు తెలిసినవే.

నీ ఉత్తరం తెచ్చి ఇచ్చింది కాస్మికోయే. ఏం రాసిందని అడిగాడు. మీరంతా కులాసాయేనా అని రాసింది అన్నాను.

చదరాల్లో ఏప్రిల్ 9న గుడ్లు 9, పిల్లలు 3. ఆ మూడు పిల్లలకూ కాళ్ల దగ్గర కొరుకుడు గాయాలున్నాయి. మర్నాటికి అవీ లేవు. పదిహేనో తేదీన పిట్టలన్నీ ఒక్కసారి లేచి వెళ్లిపోయాయి. ఇప్పుడు ఒడ్డు నిశ్శబ్దంగా ఉంది.

దూదిలో చుట్టి ఒక గుడ్డుపెంకు, ఒక కొబ్బరిపిందె పంపుతున్నాను. పెంకు అంచు చూడు. పీత పగలగొడితే ముక్కలవుతుంది, కొంగ పొడిస్తే బెజ్జం పడుతుంది. ఇది రెండూ కాదు. పిందెను తొడిమ దగ్గర చూడు. చదువుకున్నదానివి, చూసి చెప్పు.

ఆట్టకోయ


కొచ్చి,
3 మే 1986

మామకు,

పెంకు అంచున రెండేసి గీతలు జంటగా ఉన్నాయి. పిందె మీదా అవే. అవి ఎలుక పళ్లు. భూతద్దం కూడా అక్కర్లేకపోయింది.

సూరక్కరలో ఎలుకలు లేవు. మీరు ఫిబ్రవరిలో రాసినదాన్ని బట్టి లేవు. ఆ ఉత్తరం తీసి మళ్లీ చదివాను. నోటుపుస్తకం మూల కొరికి ఉందని రాశారు. అప్పుడు ఆ ముక్క దాటేసి పోయాను. నిన్న మా సామాన్ల గది తాళం తీయించి గడ్డి మోపులు కదిపి చూశాను. మూడో మోపులో గూడు ఉంది. ఈ గడ్డిలో ఎలుకలు లేకపోతేనే వింత అని గుమాస్తా అన్నాడు. ఆ మాట జనవరిలో ఎవరినైనా అడిగి ఉంటే సరిపోయేది. అడగలేదు.

పెట్టె తెరిచినప్పుడు మీరు ఏమైనా చూశారా? ఉన్నది ఉన్నట్టు రాయండి.

నివేదిక అప్పటికే పైకి వెళ్లిపోయింది. సవరించాలని అడిగితే వచ్చే ఏడాది చూద్దామన్నారు పెద్దసారు. మీరు రంజాన్‌కి ముందు ఆఖరి పడవలో ఊరికి వచ్చెయ్యండి. వానాకాలం పోయాక ఎలుకల మందు పంపే ఏర్పాటు చేస్తాను.

పేర్లు అడిగినందుకు ఏం రాయాలో తెలియడం లేదు.

హాజర


సూరక్కర,
12 మే 1986

హాజరకు,

నీ ఉత్తరం ఆఖరి పడవలో వచ్చింది. అదే పడవకి ఈ చీటీ ఇస్తున్నాను. నేను రావడం లేదు. బియ్యం, ఎండు సూర, కొబ్బరి ఉన్నాయి. నువ్వు అడిగినదానికి ఇప్పుడు జవాబు రాయలేను, పడవ ఆగదు.

మీ అమ్మకూ మీ అత్తకూ తెలియజెయ్యి.

ఆట్టకోయ


కొచ్చి,
20 జూన్ 1986

మామకు,

ఈ ఉత్తరం సెప్టెంబరు దాకా మీకు అందదని తెలిసే రాస్తున్నాను.

ఆఖరి ఓడలో అమ్మ ఉత్తరం వచ్చింది. మామ నీ మీద అలిగి ఆ దీవిలోనే ఉండిపోయాడు, ఇంటి పెద్దని వానలో ఒంటరిగా కూర్చోబెట్టిన ఘనత నీదే అని రాసింది. అత్త వాళ్లింట్లోనూ గొడవగా ఉందట. మన దీవుల వాడుక ప్రకారం రోజూ సాయంత్రమయ్యేసరికి భార్య పుట్టింటికి రావాల్సిన అల్లుడు నాలుగు నెలలు రానంటే తమ ఇంటిమీద అలిగినట్టే కదా అని వాళ్లు, మా ఇంటిమీదేమో అని అమ్మ. రెండిళ్లకీ నడుమ రాకపోకలు లేవు.

మీ చీటీలో నాలుగు ముక్కలున్నాయి. నేను అడిగినదానికి మాత్రం జవాబు లేదు. దాన్నే జవాబనుకున్నాను.

జూన్ రెండున ఇంకో నివేదిక రాసి ఇచ్చాను. ఎలుకలు నేను పంపిన పెట్టెలో వెళ్లాయనీ, గుడ్లు ఎవరూ తీయలేదనీ, మొదటి నివేదికలో నేను రాసిన కారణం తప్పనీ రాశాను. పెద్దసారు చదివి సొరుగులో పెట్టుకున్నారు.

ఇక్కడ వాన ఆగడం లేదు. వాన కొలిచే గాజు గొట్టం మీ దగ్గరే ఉంది. కొలుస్తున్నారో లేదో.

హాజర


సూరక్కర,
24 మే 1986 నుంచి

హాజరకు,

ఈ ఉత్తరం రాసినప్పుడల్లా కొంత రాసి, పడవ వచ్చినప్పుడు ఇస్తాను.

ముందు నువ్వు అడిగినదానికి. పెట్టె తెరిచినప్పుడు నేను ఏదీ చూడలేదు. గడ్డి పారేసిన మూడోరోజున అందులో కదలిక కనిపించింది. పీతలనుకున్నాను. ముప్పై ఏళ్లుగా ఇక్కడ కదిలేవన్నీ పీతలే. గడ్డి పంపింది నువ్వు, పారేసింది నేను, చూసీ పట్టించుకోనిదీ నేనే. పడవవాళ్లకి మాత్రం నా బియ్యం బస్తాలోంచి వచ్చాయని చెప్పాను. అలాగే ఉండనీ. నా బస్తా అంటే తిట్టి ఊరుకుంటారు. నీ పెట్టె అంటే నువ్వు రాసే ఏ కాగితాన్నీ ఇక నమ్మరు.

రెండోది. కోపంతో ఉండిపోలేదు. కోపం ఏప్రిల్లో ఉండేది. ఈ నాలుగు నెలలూ దీవిని ఎలుకలకు వదిలేస్తే సెప్టెంబరుకు ఎన్ని అవుతాయో నాకంటే నీకు బాగా తెలుసు.

జూన్ 10. నూనె డబ్బాలు ఇసుకలో పాతి అడుగున కొబ్బరితురుము వేశాను. పొద్దునకి డబ్బాల నిండా పీతలు. పదిహేను రోజులు ఇలాగే పోయాయి. తరవాత ఆ డబ్బాలనే బోనులుగా మలిచి కొబ్బరిచెట్ల మానుకి నిలువెత్తున కట్టాను. పీతలు అంత ఎత్తు ఎక్కలేదు. మొదటి రోజు పడినవి 7, రెండో రోజు 11. రంజాన్ ముగిసింది. మబ్బుల్లో చంద్రుడు కనిపించలేదు గనుక ముప్పై నిండాక పండగ చేసుకున్నాను. ఊళ్లో ఏ రోజు చేసుకున్నారో.

జూలై 3. నాలుగు రోజులు పెనుగాలి. కొబ్బరిచెట్లు పద్నాలుగు పడ్డాయి. పాక కప్పు పోతే రెండోసారి వేశాను. దీవి చుట్టూ ఉన్న పగడపు దిబ్బ మీద అలలు విరిగే చప్పుడు కాళ్లకింద నేలలో తెలుస్తోంది. ఇసుక తోక దక్షిణాన పూర్తిగా పోయింది. అడుగు కూడా లేదు. బావి నీళ్లు ఉప్పెక్కాయి. వాననీళ్లు పడుతున్నాను. గాజు గొట్టంలో ఒక్కరోజుకి పట్టనంత వాన, రెండుసార్లు పొంగింది. ఎలుకలు ఇప్పటికి 64.

జూలై 18. పెద్ద మాను ఒకటి కొట్టుకొచ్చింది, నేను కౌగిలిస్తే చేతులు కలవవు. ఏ దేశానిదో. దాని వేళ్లలో నల్లమట్టి ఇంకా అంటుకుని ఉంది. చేతిలోకి తీసుకుని నలిపి చూశాను. ఈ దీవి మీద మట్టి చూడడం నాకు ఇదే మొదలు. మర్నాటికి వాన కడిగేసింది. బోను విప్పడానికి దిబ్బవైపు వెళ్లినప్పుడు పగడపురాయి అరికాలు కోసింది.

ఆగస్టు 19. బోనులో ఒకటి పడింది. ఉత్తరాన మొగలిపొద దగ్గర. మొత్తం 131. కాలు వాచింది. ఉప్పునీళ్లతో కడుగుతున్నాను.

సెప్టెంబరు 14. ఆగస్టు పందొమ్మిది తర్వాత బోనులో ఏదీ పడలేదు. ఎర కొరికి లేదు. కొబ్బరిపిందెలు ఎక్కడివి అక్కడే ఉన్నాయి. ఎలుకలు లేవని రాయను. ఇరవై ఆరు రోజులుగా పడలేదని రాస్తాను. ఇసుక తోక తూర్పున మళ్లీ మొలిచింది, నలభై అడుగులు.

దూరంగా ఇంజను చప్పుడు వినిపిస్తోంది.

ఆట్టకోయ


కొచ్చి,
14 అక్టోబరు 1986

మామకు సలాం.

మీ ఉత్తరం, అమ్మ ఉత్తరం ఒకే ఓడలో వచ్చాయి. మిమ్మల్ని ఇద్దరు మోసుకుని జెట్టీ మీద దింపారని అమ్మ రాసింది. కాలి సంగతి మీరు రెండు ముక్కల్లో తేల్చేశారు. డాక్టరు ఏమన్నారో అమ్మచేత రాయించండి, మీరు రాయకండి.

మీరు కోపంతో ఉండిపోయారని నాలుగు నెలలు అనుకున్నాను. ఇంకేమీ అనను.

బస్తా మాట అలాగే ఉండనిమ్మన్నారు. మీ మాట దాటాను. అప్పటికే జూన్‌లో ఆఫీసుకి రాసి ఇచ్చాను. పెద్దసారు దాన్ని వెనక్కి తీసుకోమన్నారు. ఇది పైకి పోతే పిట్టల్ని కాపాడాల్సిన ఆఫీసే ఎలుకల్ని పంపిందంటారు అన్నారు. నిజమే కదండీ అన్నాను. మర్నాటినుంచి నన్ను మళ్లీ పాత కాగితాల దగ్గర కూర్చోబెట్టారు. మీ ఉత్తరం చదివిన రోజున రాజీనామా రాసిచ్చాను.

కాస్మికోయకి కూడా వేరుగా ఒక ఉత్తరం రాశాను. పెట్టె సంగతీ, అతని పేరు నేను అడిగిన సంగతీ రెండూ రాశాను. మీరు నాకోసం ఆడిన అబద్ధం మీద నిలబడి నేను వాళ్ల ముఖం చూడలేను మామా.

డిసెంబరు ఓడలో వస్తున్నాను.

హాజర


ఊరు,
9 నవంబరు 1986

హాజరకు,

నీ ఉత్తరాన్ని కాస్మికోయ జెట్టీ మీద మిగతా ఏడుగురు పడవవాళ్ల ముందు పైకి చదివాడు. నేను అక్కడికి వెళ్దామనుకుంటే లేవలేకపోయాను. చదవడం అయ్యాక నేరుగా మనింటికి వచ్చి నా మంచం పక్కన కూర్చున్నాడు.

“మేలో తిట్టాను, నువ్వు తిరిగొచ్చాక రోజూ తిడుతున్నాను కదా అన్నా, ఒక్కసారైనా కాదని అనలేదేం?” అన్నాడు.

“తిట్టడం అయ్యాక చెబుదామనుకున్నాను. నీది అవలేదు.”

వాడు నవ్వలేదు. ఉత్తరం మడిచి జేబులో పెట్టుకున్నాడు. లేచి వెళ్తూ గుమ్మం దగ్గర ఆగి, “ఆ పిల్లకి చెప్పు. జనవరిలో పడవలో చోటు ఉంది. లెక్క మాత్రం నా కళ్లముందు పెట్టాలి” అన్నాడు.

మీ అత్త వాళ్లింటికి పోయిన శుక్రవారం కర్ర ఊతంతో వెళ్లాను. ఇక రావద్దని చెప్పడానికి నా చాప తీసెయ్యలేదు, ఉన్నచోటే ఉంది. మీ అత్త మాత్రం ఎలుకలతో నాలుగు నెలలు కాపురం చేసినవాడికి ఈ ఇల్లు ఇరుకేమో అంది.

కాలు ఇంకో ఆరేడు నెలలు ఉప్పునీళ్లు తాకకూడదని డాక్టరు చెప్పాడు. ఇది మీ అమ్మ రాయమన్న వాక్యం. సూరక్కరకు నేను వెళ్లని ఏడాది ముప్పై ఏళ్లలో రాబోయేదే.

ఆట్టకోయ


సూరక్కర,
16 మార్చి 1987

మామకు సలాం.

పిట్టలు ఫిబ్రవరి ఇరవై ఐదున వచ్చాయి. వచ్చాయి కానీ దిగలేదు. ఆరు రోజులు పైనే తిరిగాయి. పొగ వాటికి పడదేమోనని కాస్మికోయ పాకను విప్పించి పడమటి ఒడ్డుకి మార్పించాడు. మగవాళ్లంతా చుట్టలు మానేశారు. ఏడోరోజున దిగాయి. నిరుటి చోట కాదు, ఇసుక తోక మొదట్లో. చదరాలు అక్కడికి మార్చాను.

మార్చి 8న గుడ్లు 19. మార్చి 15న 38. ఒక్క పెంకుకీ పంటిగాటు లేదు. బోనుల్లో ఏదీ పడలేదు. ఒక బోనులో మాత్రం ఎర కనిపించలేదు. గాలికి పడిందో, ఇంకేమైనానో చెప్పలేను. చెప్పలేను అనే రాస్తున్నాను.

పద్నాలుగున సర్కారు పడవ ఒకటి వచ్చింది. ఒక అధికారి దిగి కాగితం ఇచ్చాడు. ఫిబ్రవరి నుంచి జూన్ ఆఖరు దాకా ఈ దీవి మీద ఎవరూ ఉండకూడదు. ఈ రోజునుంచే అమలు. “మనుషులు గుడ్లు ఏరడం వల్ల పిట్టలు తగ్గిపోయినందున” అని కారణం రాసి ఉంది. ఆ వాక్యం నాదే. ఒక్క అక్షరం మార్చలేదు. నా రెండో నివేదిక సంగతి ఆయనకు తెలియదు.

ఆయన మర్యాదస్తుడే. కొబ్బరినీళ్లు తాగి చదరాలన్నీ చూశాడు. గుడ్లు పొదిగేదాకా రెండు వారాలు ఉండనివ్వమన్నాను. ఆ అధికారం తనకి లేదన్నాడు. కాస్మికోయ మధ్యలో వచ్చి, “మేం పోతే ఈ గుడ్లకి కాపలా ఎవరండీ?” అని అడిగాడు.

“చట్టం ఉంది కదా” అన్నాడు ఆయన.

కాస్మికోయ వెనక్కి తిరిగి చదరాల వైపు వెళ్లాడు. నావైపు కూడా చూడలేదు. రేపు బయల్దేరుతున్నాం. చదరాల తాళ్లు అతనే విప్పి చుట్టాడు. బోనులు మాత్రం చెట్లకే ఉంచమన్నాడు. ఎవరూ లేకుండా ఆ ఎర ఎన్నాళ్లుంటుంది? వారం. ఇవాళ ముప్పై ఎనిమిదిని మూడుసార్లు లెక్కపెట్టాను. మూడుసార్లూ ముప్పై ఎనిమిదే వచ్చాయి.

హాజర


ఊరు,
28 సెప్టెంబరు 1987

హాజరకు,

నువ్వు చేరిన బడి బాగుందనీ, ఆ ఊరి పిల్లలు మాట వినరనీ మీ అమ్మ చెప్పింది. వినకపోతే లెక్కలు చెయ్యించు. మా మీద పని చేసింది.

నువ్వు అడిగిన దానికి. సూరక్కర మీద మార్చి తర్వాత ఎవరూ కాలు పెట్టలేదు. మనవాళ్లు దిబ్బ అవతలే వేటాడి, నీళ్లు కూడా ఇక్కణ్ణుంచి మోసుకెళ్లి తిరిగొచ్చారు. ఒకరోజు ఇంజను ఆగిపోతే పూట పూటంతా దీవి చుట్టూ ఉన్న మడుగు నోట్లో లంగరు వేసుకుని కూర్చున్నారట గానీ దిగలేదు. దిగితే ఎవరు చూస్తారని ఒకడు అన్నాడట. కాస్మికోయ వాణ్ణి మాట్లాడనివ్వలేదు. జూలైలో దీవి తెరిచేసరికి వానాకాలం, పడవలు లేవు. కనుక గుడ్లు ఏమయ్యాయో, ఎలుకలు ఉన్నాయో లేవో చూసినవాళ్లు లేరు. ఆ చదరాలకి ఇక లెక్క లేదు.

నాలుగు రోజుల కింద ఈ ఏడు మొదటి పడవ వేటకి వెళ్లింది. నన్నూ ఎక్కించుకున్నారు. సూరక్కరకి తూర్పున, దీవి కొబ్బరితలలు కనిపించే దూరంలో, పిట్టల గుంపు నీళ్ల మీద కనిపించింది. పెద్దది కాదు. నా కళ్లు ఇప్పుడు అంత దూరం ఆనవు, దుర్భిణి కాస్మికోయ తీసుకున్నాడు. నల్లవీపు పిట్టలే అన్నాడు. తరవాత చాలాసేపు దుర్భిణి దించలేదు. ఏంట్రా అంటే, కొన్ని పొట్ట కింద కూడా నల్లగా ఉన్నాయి, వీపు మీద తెల్లచుక్కలున్నాయి అన్నాడు. ఏడాది నిండని పిల్లలే అలా ఉంటాయి. వాటికి పెద్దవి ఎగురుతూనే మేత అందిస్తున్నాయట. మేత అందుకునే పిల్ల పుట్టినచోటుకి మరీ దూరం పోదు.

పడవ ఆ గుంపు దగ్గరికి పోనిచ్చే వేళకి చెదిరిపోయాయి. సూరచేప దండిగా పడింది.

కాస్మికోయ ఆ నల్లవాటిని లెక్కపెట్టాడు. పదకొండు అన్నాడు. వాడి లెక్క నమ్మడానికి లేదు, ఒక్కటే రెండుసార్లు తిరిగొచ్చినా రెండు వేస్తాడు. సగం తీసేస్తే ఐదున్నర. అర పిట్ట ఉండదు గనుక ఐదని రాసుకో.

ఆట్టకోయ